మొక్కజొన్న పాతరమేత – నోళ్లను బట్టి గుంట

చైత్రము ప్రవేశించుసరికి మన మెట్టగ్రామములలో గట్లమీది పచ్చిక మాడిపోవును. వరిగడ్డి వాములు సగమునకు దిగును. అది మొదలు తొలకరి వానలకు పచ్చిక మొలచువఱకు, ఇంచుమించు నూఱు దినములు, పశువు రైతునకు భారముగా నుండును. పాడిగేదె పాలు తగ్గించును, ఎదకు రాదు. ఎద్దు సరిగా దుక్కి కాలమునకే డొక్కలు లోపలికి పోయి నిలుచును. దున్నదూడ మాట చెప్పనే యక్కఱలేదు. తల్లి పాలు చేపుటకు మాత్రమే దానిని బ్రదికించియుంచువారు మనలో పెక్కండ్రు గలరు. సంతకు పశువు లెక్కువగా తోలబడుటయు, వెల పడిపోవుటయు ఈ నూఱు దినములలోనే. ఆ దినములలో అమ్మువాడు మేతలేనివాడు, కొనువాడు మేతగలవాడు. ఈ యొక్క భేదము చేతనే ఒక పశువుమీద వేలరూపాయలు చేతులు మాఱుచున్నవి.

ఈ నూఱు దినములను దాటించుటకు మొక్కజొన్న పాతరమేత మంచి సాధనమని మన సభ్యులు వినియే యున్నారు. దీనినే మాగుడుగడ్డి యనియు, సైలేజి యనియు చెప్పుదురు. విన్నవారిలో కొందఱు చేసియు చూచినారు. చేసినవారిలో సగముమంది రెండవయేట మానివేసినారు. కారణ మడిగినచో వారిచ్చు సమాధానము ఇంచుమించు ఒక్కటే: “తెఱచిన మొదటివారము బాగుండెను; పశువు లెగబడి తిన్నవి; పిమ్మట వేడెక్కి బూజుపట్టెను; ముట్టినవి కావు.” ఇట్టి చోట్ల మేత చేయుటయందు దోష మరుదు. గుంట కొలతయందే దోషము. నాలుగు గేదెల యింటికి నలువది గేదెల గుంట త్రవ్వుట చేతనే మేత చెడుచున్నది. ఈ వ్యాసము ముఖ్యముగ ఆ కొలతను గూర్చియు, పిమ్మట మేపు విధమును గూర్చియు వ్రాయబడినది.

కొలత యెందుకో తెలియుటకు లోపల జరుగు పని తెలిసియుండవలెను. పచ్చిమేతను సన్నముగా నఱకి, గాలి లేకుండ త్రొక్కి, కప్పిపెట్టినప్పుడు, మిగిలియున్న కొద్దిపాటి గాలిని ఆ మొక్కలే పీల్చివేయును. గాలి యుడిగిన వెంటనే పాలను పెరుగు చేయు సూక్ష్మజీవుల జాతివే మొక్కలోని తీపిని తిని పులుపును పుట్టించును. మూడు నాలుగు వారములలో ఆ పులుపు ఎంతకు వచ్చుననగా అందు క్రుళ్లించు జీవులేవియు బ్రదుకజాలవు. అప్పటినుండి గాలి సోకనంతకాలము మేత యట్లే యుండును. గాలి తిరిగి సోకినచో తీరు మాఱును. ఒక విధమైన పులియజేయు జీవులు ఆ పులుపునే తినివేయును, మేత వేడెక్కును, వెనుకనే బూజు వచ్చును. గుంటను తెఱచుట యనగా గాలిని పిలుచుటయే. కావున తెఱచిన ముఖమును గాలి చెఱుపకముందే పశువులు తినివేయవలెను. పాతరమేత రహస్యమంతయు ఈ పందెములో నున్నది.

ఈ పద్ధతి చిరకాలపు పరీక్షకు నిలిచినది. ఫ్రాన్సుదేశమున సొలోన్ అను పేదనేలల ప్రాంతమందు ఆగస్త్ గొఫార్ అను వ్యవసాయదారుడు మొక్కజొన్నను ఇట్లు నిలువచేసి, తన యనుభవమును 1877లో గ్రంథముగా ప్రకటించెను. అమెరికాలోని ఇల్లినాయిస్ రాష్ట్రమున ఫ్రెడ్ హాచ్ అనునాతడు 1873లోనే దీనికై నిలువుగాదె కట్టెను. ఫిన్లండు రసాయనశాస్త్రజ్ఞుడు విర్తానెన్‌కు 1945లో నోబెల్ బహుమాన మిచ్చినప్పుడు, పచ్చిమేతను ఆమ్లముతో నిలువచేయుటకు ఆయన కనిపెట్టిన పద్ధతి ప్రత్యేకముగా పేర్కొనబడెను. పశువుల మేతకు అంతటి గౌరవము దక్కిన సందర్భములు తక్కువ.

ఇక కోత. మన రైతునకు అన్నిటికంటె కష్టమైన పని యిదియే. చేతిపని యని కాదు, మనస్సు ఒప్పదని. పాతరకు మొక్కజొన్నను కండెతో సహా కోయవలెను. మొక్కలోని ఎండుపదార్థములో సగమునకు దగ్గఱగా కండెయందే యుండును, బలమంతయు అక్కడనే. కండె విఱిచి యంగడికి పంపి, ఎండిన చొప్పను నఱకి గుంటలో వేసి, దానికి పాతరమేత యని పేరు పెట్టినంతమాత్రమున అది పాతరమేత కాదు. ఎండిన చొప్పలో తీపియు లేదు, తేమయు లేదు, పులియుట జరుగదు. హైదరాబాదు పరిసరములలో వలె పచ్చికండెలను, తీపిమొక్కజొన్నను అమ్మువారి సంగతి వేఱు. కండె తీసిన పిమ్మటను వారి చొప్ప పచ్చగనే యుండును గనుక దానిని పాతర వేయవచ్చును. బలము తక్కువైనను అది వట్టి వరిగడ్డికంటె ఎంతో మేలు.

కోయవలసిన దిన మెట్లు తెలియును? చేని నడుమ నుండి ఒక కండెను తెచ్చి సగమునకు విఱిచి గింజలను చూడుడు. గింజ పైభాగము పసుపెక్కి గట్టిపడియుండును. అడుగుభాగము పాలతో తెల్లగా నుండును. రెంటికి నడుమ ఒక గీత కనబడును. ఆ గీత గింజలో సగమునకు దిగిన దినములే కోతదినములు. అప్పుడు మొత్తము మొక్కలో నూటికి 32 మొదలు 35 పాళ్లు ఎండుపదార్థ ముండును. వానకారున సాధారణపు హైబ్రిడ్ రకములకు ఇది విత్తిన 80, 90 దినములకు వచ్చును. శీతకాలపు పైరునకు మఱికొన్ని దినములు పట్టును. చేతిపరీక్ష యొకటి కలదు. నఱికిన మేతను గుప్పెట గట్టిగా పిండి విడువుడు. రసము కాఱినచో తేమ యెక్కువ. ముద్ద వెంటనే విడిపోయినచో ఎండిపోయినది. ముద్ద నిలిచి మెల్లమెల్లగా విచ్చుకొన్నచో సరియైనది. తొందరపడి ముందు కోసినచో రసము కాఱిపోయి దుర్గంధపు మేత తయారగును. ఆలస్యము చేసినచో మేత బిఱుసై త్రొక్కుడునకు లొంగదు, గట్టిపడిన గింజ నమలబడక పేడలో పడిపోవును. కత్తెరపురుగు మనదేశమునకు 2018లో వచ్చినది మొదలు మొక్కజొన్నకు మందు కొట్టని రైతు లేడు. మందు డబ్బాపై వ్రాసిన గడువు దాటకుండ పైరును మేతకు కోయరాదు.

నఱకుట, నింపుట, కప్పుట గూర్చి సభ్యులకు చాలవఱకు తెలిసినదే గనుక సంగ్రహముగా చెప్పెదను. ముక్క అరంగుళము మొదలు ముప్పాతిక అంగుళమువఱకు ఉండవలెను. అరయడుగు మందమున పఱచి, ప్రతి పొరను త్రొక్కవలెను; ముఖ్యముగా అంచులను, మూలలను. ఒక దినమున, కాదేని రెండు దినములలో నింపి ముగింపవలెను. వారమంతయు కొంచెము కొంచెముగా నింపిన గుంట సగము చెడినట్లే. బెల్లము, ఉప్పు కలుపవలెనా యని పలువురు అడుగుచుందురు. మొక్కజొన్నకు అక్కఱలేదు, దాని తీపి దానికి చాలును. యూరియా కలుపుమని చెప్పువారును గలరు. పెద్ద యంత్రములతో సమముగా కలుపగలచోట అది సరియే గాని, పారలతో నింపు చిన్న గుంటలో ఒకచోట తక్కువ, ఒకచోట ఎక్కువ పడి పశువునకు ప్రాణముమీదికి వచ్చును. నేను దానిని చెప్పను. పైన దళసరి పాలిథీను పట్ట కప్పి, అరయడుగు మన్ను గాని ఇసుకబస్తాలు గాని వేసి, బీటలు, ఎలుకబొరియలు అప్పుడప్పుడు చూచుచుండవలెను. కృష్ణా గోదావరుల డెల్టాగ్రామములలో నేలను త్రవ్విన నీ రూరును. అక్కడ గుంట పనికిరాదు. నేలమీదనే ఇటుకగోడలు రెండు కట్టి వాని నడుమ నింపుకొనవలెను. మెట్టప్రాంతములలో మిట్టచోట త్రవ్విన గుంట చాలును.

ఇప్పుడు కొలత. మనుష్యులు బాగుగా త్రొక్కిన మేత ఘనపుటడుగునకు సుమారు 15 కిలోలు తూగును. వేసవిలో తెఱచిన ముఖమునుండి దినమునకు నాలుగంగుళముల మందమునకు తగ్గకుండ తీయవలెను. అనగా ముఖములో ఒక్కొక్క చదరపుటడుగునకు దినమున కైదు కిలోలు. లెక్క యింతే. దినమునకు కావలసిన కిలోలను అయిదుచేత భాగించినచో ముఖము ఎన్ని చదరపుటడుగు లుండవచ్చునో తెలియును. నాలుగంగుళముల చొప్పున నూఱు దినములకు పొడవు 33 అడుగులు. పశువులు రెండైనను ఇరువదియైనను ఈ పొడవు మాఱదు. దినములను బట్టి పొడవు, నోళ్లను బట్టి ముఖము.

రెండు గేదెలు, ఒక దున్నదూడ గల యిల్లు తీసికొందము. గేదెకు 14 కిలోలు, దూడకు 12 కిలోలు, వెరసి దినమునకు 40 కిలోలు. ముఖ మెనిమిది చదరపుటడుగులు. రెండడుగుల వెడల్పు, నాలుగడుగుల లోతు, 33 అడుగుల పొడవు. చూచుటకు కాలువవలె నుండును, నవ్వువారు నవ్వుదురు. కాని యిరుకు కాలువలో ఒక్క మనిషి అటునిటు నడచి త్రొక్కిన చాలును, మూలలు మిగులవు. ఇదే యింటివాడు వాడుక చొప్పున ఆఱడుగుల వెడల్పు, ఆఱడుగుల లోతు గుంట త్రవ్వెననుకొనుడు. ముఖము 36 చదరపుటడుగు లగును. 40 కిలోలు తీసినచో దినమునకు ఒక అంగుళమైన లోపలికి పోడు. సరిగా త్రొక్కని మేతలోనికి గాలి రెండు మూడడుగులవఱకు చొచ్చును. అనగా పశువు నోటికి చేరు ప్రతి పిడికెడును అంతకుముందే నెలదినములు గాలి తిన్నదై యుండును. వేసవి యెండలో నెలదినములు! బూజు పట్టక యేమగును? రైతు మేతను నిందించుటయు, మేమిచ్చిన సలహాను నిందించుటయు ఇక్కడనుండియే పుట్టినవి.

కాలువగుంటకు స్థలము లేనివారు ఏబది కిలోలు పట్టు దళసరి పాలిథీను సంచులలో కూరి, గాలి తీసి, మూతి బిగించి నీడను పెట్టుకొనవచ్చును. దినమున కొక సంచి తెఱచిన సరిపోవును. సంచుల వెలయు, ఎలుకలును దీనికి శత్రువులు.

ఇంతకంటె మేలైన మార్గము సంఘమునకు కలదు. అట్టి పది యిండ్లు కలిసినచో దినమునకు 400 కిలోలు. ముఖము 80 చదరపుటడుగులు. 16 అడుగుల వెడల్పున, అయిదడుగుల యెత్తున రెండు గోడల నడుమ అదే 33 అడుగుల పొడవు. అంత వెడల్పున ట్రాక్టరు ఎక్కి త్రొక్కగలదు. ట్రాక్టరు త్రొక్కుడు మనిషి త్రొక్కుడుకంటె గట్టిది, గాలి తక్కువ. నఱకు యంత్రమును ఒక్కదినమునకు బాడుగకు తెచ్చినచో అందఱి పనియు తీరును. ఒక్క చిన్నరైతు చేయలేని పనిని పదుగురు కలిసి సులభముగా చేయుట మాటకు మాత్రమే యున్న సంగతి కాదనుటకు ఈ 80 చదరపుటడుగులు సాక్ష్యము.

అయితే కలిసి చేయుటలోని చిక్కులు కూడ చెప్పుట న్యాయము. మొదటిది, పంట. పదిమంది చేలును ఒకే వారమున కోతకు రావలెనన్న ఒకే వారమున విత్తవలెను, ఒకే రకమును విత్తవలెను. విత్తనము కొనునాడే ఈ మాట తేలకున్న కోతనాడు తేలదు. రెండవది, తూకము. బండి యెక్కిన పచ్చిమేతను తూచి యెవరి పేర వారికి వ్రాసికొని, వేసవిలో తూచియే యియ్యవలెను. గంపలలెక్క తగవులకు మూలము. త్రొక్కుడులో, పులుపులో, అంచులలో నూటికి పది వంతులు పోవునని ముందుగనే అందఱికిని చెప్పి తగ్గించి వ్రాసికొనుట మంచిది. మూడవది, ప్రతిదినము ప్రొద్దుననే ఒకే వేళకు ముఖమంతయు పైనుండి క్రిందికి నిలువుగా కోసి పంచవలెను. ఎవరికి వలసినప్పుడు వారు వచ్చి నడుమ గుహవలె త్రవ్వుకొనిపోవుదురేని, ట్రాక్టరు త్రొక్కినను, పట్ట కప్పినను, పది దినములలో ఆ పాతర చెడును. ఒక నమ్మకమైన మనిషిని కూలియిచ్చి ఈ పనికి పెట్టుట దండుగ కాదు.

మేపు సంగతి. మూసిన 45 దినములకు పిమ్మట తెఱవవలెను. మంచి మేత పసుపుకలిసిన లేతాకుపచ్చగా నుండి, పుల్లని కమ్మని వాసన వేయును. నల్లబడినది, జిగట పట్టినది, బూజుపట్టినది పేడదిబ్బకు పోవలెనే గాని గాడికి రాకూడదు. ఇంత పోయెనే యని చూలుగేదెకు పెట్టిన ఈడ్పు కూడ పోవచ్చును. మొదట రెండు మూడు కిలోలతో ఆరంభించి వారము పదిదినములలో పూర్తి మోతాదునకు తేవలెను. పాలు పిదికిన పిమ్మట పెట్టుడు. ముందు పెట్టినచో పాలకు వాసన సోకును. ఆఱు నెలలు నిండని దూడలకు వలదు. పచ్చిజొన్నయందు నాము భయ మెఱిగిన మన రైతులు మొక్కజొన్నకు కూడ భయపడుచుందురు. మొక్కజొన్నలో ఆ భయము లేదు.

పాతరమేతలో బలము కలదు, మాంసకృత్తులు తక్కువ. ఎండుపదార్థములో నూటికి ఎనిమిది పాళ్లు మాత్రమే. ఈ ముక్క మఱచినవారికి మేత బాగున్నను పశువు ఎదుగదు. 200 కిలోల దున్నదూడను మాంసపు ధరకు పెంచదలచినచో లెక్క యిట్లుండును. 12 కిలోల పాతరమేతలో నాలుగు కిలోల ఎండుపదార్థము, అందు మాంసకృత్తులు 320 గ్రాములు. దూడ దినమునకు 500 మొదలు 600 గ్రాముల బరువు పెరుగవలెనన్న 600 గ్రాములకు పైగా మాంసకృత్తులు కావలెను. ముప్పాతిక కిలో వేరుసెనగచెక్క ఆ లోటును తీర్చును. అరకిలో వరిగడ్డి నెమరునకు సాయపడును. మొక్కజొన్నలో సున్నము తక్కువ గనుక 30 గ్రాముల లవణమిశ్రమము, కొద్దిగ ఉప్పు చేర్పవలెను. చెక్క బూజుపట్టినది కారాదు. నూఱు దినములలో 50, 60 కిలోల బరువు చేరును. వట్టి గడ్డితో నిలిపిన దూడ ఆ నూఱు దినములలో ఉన్న బరువును కూడ కోల్పోవును.

అమెరికా మధ్యరాష్ట్రములలో మాంసపుపశువులను పెంచువారు చేయునదియు ఇదియే. తల్లిపాలు మాన్పించిన దూడలను చలికాలమంతయు మొక్కజొన్న పాతరమేతతో, సోయాచెక్కతో పెంచుదురు. అవి దినమునకు సుమారు కిలో పెరుగును. వారి జాతులు వేఱు, మన గేదెదూడనుండి అంత కోరరాదు. కాని మనకు దగ్గఱి నిదర్శన మొకటి కలదు. మన ఒంగోలుజాతి బ్రెజిలుదేశమునకు పోయి నెలోరి యను పేర ఆ దేశపు మాంసపుమందలలో ప్రధానజాతి యైనది. 1962లో కొనిపోబడిన ఆబోతులలో ఒకదానికి కరవది యని మన యూరిపేరే యుండెను. ఆ జాతి యక్కడ చాలవఱకు బయలుమేతమీదనే పెరిగి, అమ్మకమునకు ముందు దొడ్లలో కట్టి బలిపించునప్పుడు మొక్కజొన్న పాతరమేతను తినుచున్నది. మన గడ్డపై పుట్టిన జాతికి ఆ మేత పడదనుట చెల్లదు.

ఖర్చు. నూఱు దినములకు 4 టన్నుల మేత కావలెను, తఱుగుతో 4.4 టన్నుల పచ్చిపైరు. ఎకరమునకు 15 టన్నుల చొప్పున అది 30 సెంట్ల పంట. ఆ 30 సెంట్లను గింజకు విడిచినచో ఎనిమిది క్వింటాళ్లు వచ్చుననుకొందము. 2024-25 సంవత్సరమునకు ప్రకటించిన మద్దతుధర క్వింటాలునకు 2,225 రూపాయలు. మొత్తము 17,800 రూపాయలు. గింజ ఒలిచి ఎండబెట్టు కూలి మిగులును గాని, నఱకుటకు, పట్టకు, త్రొక్కుటకు ఖర్చగును. కావున కిలో మేత నాలుగున్నర రూపాయలకు తగ్గదనియే యెంచుకొనవలెను. ఇది చవుక మేత కాదు. బోరునీరు వేసవి చివరవఱకు నిలిచి, నేపియర్ గడ్డి పచ్చగా నుండు రైతునకు పాతరతో పనిలేదు. అతనికి నే నిది చెప్పను. దూడను తూకమునకు గాక కంటిచూపు ధరకు అమ్ముకొను రైతును ముందు తూకమునకు కొను బేరగానిని వెదకికొని పిమ్మట మేపవలెను. నీరు మాఘమువఱకే యుండి, చైత్రమున ఎండిపోవు బావులు గలవారికి మాత్రము ఇది తగును. ఆ మిగిలిన నీటిని 30 సెంట్లలో మేతగా మార్చి దాచుకొనుటయే యిది.

ఒక ప్రమాదమును గూర్చి హెచ్చరించుట నా విధి. మూసిన మొదటి మూడు వారములలో పాతరనుండి విషవాయువులు పుట్టును. అవి గాలికంటె బరువు గనుక గుంట యడుగున నిలుచును. ధాన్యపు పాతరలోనికి దిగి స్పృహతప్పి పడిన కూలివాండ్ర సంగతి పెద్దలెఱుగుదురు. ఇదియు నట్టిదే. సగము నింపి రాత్రి విడిచిన లోతుగుంటలోనికి ఉదయమున వెంటనే మనిషిని దింపరాదు. పట్ట తొలగించి చాలసేపు గాలి యాడనిచ్చి, పైన మఱియొకడు నిలిచియుండగా దిగవలెను. పసుపు గాని ఎఱుపు గాని కలిసిన పొగవంటిది కనబడినచో దగ్గఱకే పోరాదు.

ఏప్రిలు మొదటివారమున తెఱువదలచినవారు ఫిబ్రవరి నడుమనాటికి మూసియుండవలెను. అందుకు అక్టోబరు చివరలోపల విత్తు పడవలెను. వరికోతల పిమ్మట దున్నకుండ డిసెంబరులో మొక్కజొన్న పెట్టు గుంటూరు, కృష్ణా ప్రాంతపు సభ్యుల పైరు మార్చి నెలలో గాని కోతకు రాదు. వారు మే నెలకు మాత్రమే నమ్ముకొని, ఏప్రిలునకు వరిగడ్డిని వేఱుగా నిలువ యుంచుకొనవలెను.